గర్భసంచి రూపు మారితే.. బిడ్డకు చోటు చాలదా?

స్కాన్ రిపోర్టులో ‘సెప్టేట్ యుటెరస్’ అనో, ‘బైకార్న్యుయేట్ యుటెరస్’ అనో ఒక్క మాట కనబడితే చాలు.. ఇంటిల్లిపాదికీ కంటి మీద కునుకు ఉండదు. ఇక పిల్లలు పుట్టరేమోనని అమ్మాయి కుమిలిపోతుంది. ఈ సంగతి పెళ్లికి ముందే ఎందుకు తెలియలేదని అత్తింటివారు అడుగుతారు. వెంటనే ఆపరేషన్ చేయించేస్తే పోలేదా అని మరొకరు తొందరపెడతారు.

నిజానికి గర్భాశయం ఆకారంలో తేడా ఉన్న మహిళల్లో ఎంతోమంది మామూలుగానే గర్భం దాల్చి, పండంటి బిడ్డల్ని కంటున్నారు. తమ గర్భసంచిలో తేడా ఉందన్న విషయమే తెలియకుండా ఇద్దరు ముగ్గురు పిల్లల తల్లులైనవారూ ఉన్నారు. అలాగని దీన్ని పూర్తిగా కొట్టిపారేయటానికీ లేదు. కొందరిలో గర్భస్రావాలకు, నెలలు నిండకముందే కాన్పు కావటానికి ఇది కారణమవుతుంది. కాబట్టి చేయాల్సిన మొదటి పని.. తేడా ఏ రకందో కచ్చితంగా తేల్చుకోవటం. ఎందుకంటే ఒక రకానికి పనికొచ్చే చికిత్స మరో రకానికి హాని చేస్తుంది.

రెండు గొట్టాలు కలిస్తేనే ఒక సంచి

గర్భాశయం పుట్టుకతో ఒకే సంచిగా మొదలవదు. తల్లి కడుపులో ఆడ పిండం పెరుగుతున్నప్పుడు కుడివైపు ఒకటి, ఎడమవైపు ఒకటి సన్నటి గొట్టాలు ఏర్పడతాయి. వీటిని ముల్లేరియన్ నాళాలంటారు. 1830లో వీటిని వివరించిన జర్మన్ శాస్త్రవేత్త యోహానెస్ ముల్లర్ పేరే వీటికి స్థిరపడింది. ఈ రెండు గొట్టాల పైభాగాలు విడివిడిగా ఉండిపోయి ఫెలోపియన్ ట్యూబులవుతాయి. కిందిభాగాలు దగ్గరకు జరిగి, ఒకదానితో ఒకటి అతుక్కుని గర్భాశయంగా మారతాయి. ఆ తర్వాత వాటి మధ్య మిగిలిన గోడ క్రమంగా కరిగిపోయి లోపల ఒకే గది ఏర్పడుతుంది.

అంటే ఇందులో మూడు మెట్లున్నాయి. రెండు గొట్టాలూ ఏర్పడాలి. రెండూ కలవాలి. మధ్య గోడ కరగాలి. ఈ మూడింటిలో ఎక్కడ పని ఆగిపోయిందన్నదాన్ని బట్టి గర్భసంచి రూపు మారుతుంది. అండాశయాలు వేరే కణజాలం నుంచి తయారవుతాయి. అందుకే ఈ తేడాలున్న చాలామందిలో అండాల విడుదల, హార్మోన్లు, నెలసరి మామూలుగానే ఉంటాయి. పైకి ఏ లక్షణమూ కనిపించకపోవటానికి కారణం ఇదే.

ఏమేం రకాలు?

సెప్టేట్: గొట్టాలు కలిశాయి గానీ మధ్య గోడ కరగలేదు. బయటి నుంచి చూస్తే గర్భాశయం మామూలుగానే ఉంటుంది. లోపల మాత్రం పైనుంచి కిందికి ఒక అడ్డుతెర దిగి ఉంటుంది. ఇది కొందరిలో కొద్దిగానే ఉంటుంది, కొందరిలో ముఖద్వారం వరకూ ఉంటుంది.

బైకార్న్యుయేట్: గొట్టాలు కిందివైపు కలిశాయి, పైవైపు కలవలేదు. గర్భాశయం పైభాగం మధ్యలో లోతుగా నొక్కుకుపోయి, రెండు కొమ్ముల్లా కనిపిస్తుంది.

డైడెల్ఫిస్: గొట్టాలు అసలు కలవనేలేదు. రెండు చిన్న గర్భాశయాలు, రెండు ముఖద్వారాలు ఉంటాయి. కొందరిలో యోని మధ్యలో కూడా తెర ఉంటుంది.

యూనీకార్న్యుయేట్: ఒక గొట్టం మాత్రమే పూర్తిగా ఎదిగింది. గర్భాశయం అరటిపండులా ఒకవైపు వంగి, సగం పరిమాణంలో ఉంటుంది. రెండోవైపు కొందరిలో ఏమీ ఉండదు, కొందరిలో సగం ఎదిగిన చిన్న కొమ్ము మిగిలి ఉంటుంది.

ఆర్క్యుయేట్: పైభాగం లోపలివైపు కాస్తంత వంపు తిరిగి ఉంటుంది, అంతే. దీన్ని చాలామంది వైద్యులు మామూలు తేడాగానే పరిగణిస్తారు. దీనికి చికిత్స అవసరం లేదు.

మరి ఇవి ఎంతమందిలో ఉంటాయి? సుమారు 90 వేల మంది మహిళల వివరాలతో 2011లో ప్రచురితమైన ఒక సమగ్ర విశ్లేషణ ప్రకారం.. సాధారణ మహిళల్లో 5.5 శాతం మందిలో ఏదో ఒక తేడా ఉంటోంది. వీటిలో ఎక్కువ భాగం ఆర్క్యుయేట్ రకానివే. సంతానలేమితో బాధపడుతున్నవారిలో ఇది 8 శాతం. గర్భస్రావాలైన వారిలో 13.3 శాతం. సంతానలేమి, గర్భస్రావం రెండూ ఉన్నవారిలో 24.5 శాతం. అంటే ఇది మనం అనుకునేంత అరుదైన సమస్యేమీ కాదు.

గర్భం మీద ప్రభావం ఎలా?

గర్భసంచిలో తేడా ఉంటే మూడు రకాల ఇబ్బందులు రావొచ్చు.

మొదటిది గర్భస్రావం. సెప్టేట్ రకంలో ఇది ఎక్కువ. పిండం వెళ్లి ఆ అడ్డుతెర మీద అతుక్కుంటే అక్కడి కణజాలం దానికి తగిన ఆసరా ఇవ్వలేకపోవచ్చని భావిస్తున్నారు. అందుకే తొలి మూడు నెలల్లోనే గర్భం పోయే అవకాశం పెరుగుతుంది. బైకార్న్యుయేట్, యూనీకార్న్యుయేట్ రకాల్లోనూ గర్భస్రావం ముప్పు కొంత ఎక్కువే.

రెండోది నెలలు నిండకముందే కాన్పు. గది చిన్నదైనప్పుడు బిడ్డ పెరిగేకొద్దీ గర్భాశయం తగినంత సాగలేదు. కొందరిలో ముఖద్వారం బలహీనంగా ఉండి ముందుగానే తెరుచుకోవటం మొదలవుతుంది. యూనీకార్న్యుయేట్, బైకార్న్యుయేట్, డైడెల్ఫిస్ రకాల్లో ప్రధానంగా కనిపెట్టుకుని ఉండాల్సింది దీని గురించే. బిడ్డ బరువు తక్కువగా ఉండే అవకాశమూ ఉంటుంది.

మూడోది బిడ్డ తల కిందికి తిరగకపోవటం. మామూలుగా చివరి నెలల్లో బిడ్డ తలకిందులై కాన్పుకు సిద్ధమవుతుంది. అలా తిరగటానికి చోటు లేనప్పుడు ఎదురుకాళ్లతోనో, అడ్డంగానో ఉండిపోతుంది. వీరిలో సిజేరియన్లు ఎక్కువగా జరగటానికి ముఖ్య కారణం ఇదే.

వీటితోపాటు అరుదైనదే అయినా ప్రాణాల మీదికి తెచ్చే పరిస్థితి మరొకటుంది. యూనీకార్న్యుయేట్ రకంలో రెండోవైపు మిగిలిన చిన్న కొమ్ములో గర్భం నిలిస్తే, అది సాగలేక సాధారణంగా 4-6 నెలల మధ్య పగిలిపోతుంది. కడుపులో తీవ్ర రక్తస్రావమవుతుంది. అందుకే ఆ కొమ్ములో లోపలి పొర ఉందని తేలితే గర్భానికి ముందే లాప్రోస్కోపీతో దాన్ని తీసేయాలని వైద్యులు సూచిస్తారు.

గోడ ఒక్కటే చూస్తే చాలదు.. పైకప్పూ చూడాలి

సెప్టేట్, బైకార్న్యుయేట్.. ఈ రెండింటి మధ్య పొరపాటు పడటం తేలిక. రెండింటిలోనూ లోపల రెండు గదులే కనిపిస్తాయి. కానీ ఒక ఇంటి హాలు మధ్యలో గోడ ఉండటం వేరు, పక్కపక్కనే రెండు ఇళ్లు ఉండి వాటి పైకప్పుల మధ్య ఖాళీ ఉండటం వేరు కదా! మొదటిదానిలో గోడ తీసేస్తే ఒకే హాలవుతుంది. రెండోదానిలో గోడ కొడితే బయటికి రంధ్రం పడుతుంది. సెప్టేట్ అనుకుని బైకార్న్యుయేట్ గర్భసంచికి లోపలి నుంచి కోత పెడితే జరిగేది సరిగ్గా ఇదే.

ట్యూబులు తెరుచుకుని ఉన్నాయో లేదో చూడటానికి చేసే హెచ్‌ఎస్‌జీ ఎక్స్‌రేలో గర్భాశయం లోపలి ఖాళీ మాత్రమే కనిపిస్తుంది. పైకప్పు, అంటే గర్భసంచి బయటి రూపు కనిపించదు. కాబట్టి హెచ్‌ఎస్‌జీ ఒక్కదాన్ని చూసి ఇది ఫలానా రకమని తేల్చలేం. సాధారణ అల్ట్రాసౌండ్ అనుమానాన్ని రేకెత్తించగలదు గానీ చాలాసార్లు అదీ సరిపోదు.

దీనికి మంచి పరీక్ష.. యోని ద్వారా చేసే 3డీ అల్ట్రాసౌండ్. ఇందులో లోపలి గది, బయటి రూపు రెండూ ఒకేసారి తెలుస్తాయి. నెలసరి చక్రంలో రెండో సగంలో చేస్తే గర్భాశయం లోపలి పొర మందంగా ఉండి చిత్రం మరింత స్పష్టంగా వస్తుంది. ఇంకా సందేహముంటే ఎంఆర్‌ఐ ఉపయోగపడుతుంది. పెళ్లికాని అమ్మాయిలకు పొట్ట మీది నుంచి చేసే స్కాన్, ఎంఆర్‌ఐ సరిపోతాయి. గతంలో మాదిరిగా కేవలం నిర్ధారణ కోసం లాప్రోస్కోపీ చేయాల్సిన అవసరం ఇప్పుడు చాలావరకూ తగ్గిపోయింది.

మరో విషయం.. లోపలి తెర ఎంత లోతుంటే దాన్ని ‘సెప్టేట్’ అనాలన్న దాని మీద యూరప్, అమెరికా వైద్య సంఘాల కొలతలు ఒకేలా లేవు. ఒకే గర్భసంచిని ఒక రిపోర్టు ‘సెప్టేట్’ అంటే మరోటి ‘ఆర్క్యుయేట్’ అనే అవకాశముంది. అందుకే రిపోర్టులో పేరు ఒక్కటే కాకుండా తెర పొడవు, బయటి నొక్కు లోతు మిల్లీమీటర్లలో రాశారో లేదో చూడండి. ఆ కొలతలుంటే రెండో అభిప్రాయం తీసుకోవటం తేలికవుతుంది.

కిడ్నీలు కూడా చూపించుకోవాలి. గర్భాశయం, మూత్రవ్యవస్థ పిండంలో పక్కపక్కనే ఏర్పడతాయి. అందుకే ఈ తేడాలున్న కొందరిలో, ముఖ్యంగా యూనీకార్న్యుయేట్, డైడెల్ఫిస్ రకాల్లో, ఒకవైపు కిడ్నీ లేకపోవటమో, ఉండాల్సిన చోట లేకపోవటమో కనిపిస్తుంది. ఒక్కసారి కడుపు అల్ట్రాసౌండ్ చేయిస్తే తెలిసిపోతుంది.

ఆపరేషన్ ఎవరికి?

డైడెల్ఫిస్, యూనీకార్న్యుయేట్ రకాల్లో గర్భసంచిని పెద్దది చేసే ఆపరేషన్ ఏదీ లేదు. బైకార్న్యుయేట్ రకంలో రెండు కొమ్ముల్నీ కలిపి కుట్టే పెద్ద ఆపరేషన్ ఉంది గానీ ఇప్పుడు చాలా అరుదుగానే చేస్తున్నారు. వీరికి కావాల్సింది గర్భం వచ్చాక జాగ్రత్తగా కనిపెట్టుకుని ఉండటమే.

ఆపరేషన్ గురించి ఆలోచించాల్సింది ప్రధానంగా సెప్టేట్ రకంలో. పొట్ట మీద కోత లేకుండా, ముఖద్వారం గుండా సన్నటి హిస్టెరోస్కోప్‌ను పంపి అడ్డుతెరను కత్తిరిస్తారు. చాలామంది అదే రోజు ఇంటికి వెళ్లిపోవచ్చు. ఇంత తేలికైనది కాబట్టి ‘తెర కనబడింది, తీసేద్దాం’ అనటం కొంతకాలం అలవాటుగా సాగింది.

అయితే దీనిపై 2021లో ఒక ముఖ్యమైన పరిశోధన ఫలితం వెలువడింది. నెదర్లాండ్స్, బ్రిటన్, అమెరికా, ఇరాన్ దేశాల్లోని 10 కేంద్రాల్లో సెప్టేట్ గర్భాశయమున్న 80 మంది మహిళలను లాటరీ పద్ధతిలో రెండు బృందాలుగా విడదీశారు. వీరంతా గర్భం రావటంలో ఆలస్యమో, గర్భస్రావమో, ముందస్తు కాన్పో చవిచూసినవారే. తెర తీసిన బృందంలో 31 శాతం మందికి, తీయకుండా వదిలేసిన బృందంలో 35 శాతం మందికి బిడ్డలు పుట్టారు. అంటే ఆపరేషన్‌తో అదనపు మేలు కనిపించలేదు.

ఇది చిన్న పరిశోధన. దీంతోనే ఆపరేషన్ పనికిరాదని తేల్చేయలేం. పదేపదే గర్భస్రావాలవుతూ, మిగతా కారణాలేవీ కనబడనప్పుడు తెర తీయటం గురించి ఆలోచించటం సబబేనని చాలామంది వైద్యులు భావిస్తున్నారు. కానీ ఎలాంటి ఇబ్బందీ లేకుండా స్కాన్‌లో అనుకోకుండా బయటపడ్డ తెరను హడావుడిగా తీయించుకోవాల్సిన పని లేదన్నది మాత్రం గుర్తుంచుకోవాలి. ఆపరేషన్‌కు ఒప్పుకొనే ముందు వైద్యుల్ని ఈ మూడు ప్రశ్నలూ అడగండి. ఇది సెప్టేట్ అనే కచ్చితంగా తేలిందా, ఏ పరీక్షతో? గర్భస్రావాలకు మిగతా కారణాలు చూశారా? తెర తీయకుండా ప్రయత్నిస్తే నాకు ఎలాంటి అవకాశాలున్నాయి?

రెండో ప్రశ్న చాలా ముఖ్యం. తొలి నెలల్లో జరిగే గర్భస్రావాల్లో ఎక్కువ భాగానికి పిండం క్రోమోజోముల్లో తేడాలే కారణం. థైరాయిడ్ సమస్య, అదుపులో లేని మధుమేహం, రక్తం గడ్డకట్టే స్వభావాన్ని పెంచే యాంటీఫాస్ఫోలిపిడ్ సిండ్రోమ్ వంటివీ కారణం కావొచ్చు. గర్భసంచిలో తేడా దొరికింది కదా అని నేరం మొత్తం దాని మీదే వేసి, మిగతా పరీక్షలు ఆపేయకూడదు. అలాగే గర్భం రావటం ఆలస్యమవుతుంటే భర్తకు వీర్య పరీక్ష తప్పనిసరి.

గర్భం వచ్చాక జాగ్రత్తలు

నెల తప్పిన వెంటనే వైద్యులకు చెప్పి 6-7 వారాల్లో స్కాన్ చేయించుకోవాలి. గర్భం ఎక్కడ, ఏ వైపు నిలిచిందో తేల్చటం వీరికి చాలా అవసరం. నెలలు పెరిగాక ఇది అంత తేలిగ్గా కనబడదు.

నాలుగో నెల నుంచి ఆరో నెల వరకూ యోని ద్వారా చేసే స్కాన్‌తో ముఖద్వారం పొడవును కొలుస్తారు. ఇది 25 మిల్లీమీటర్ల కన్నా తగ్గిపోతే ప్రొజెస్టెరాన్ మందు, అవసరాన్ని బట్టి ముఖద్వారానికి కుట్టు వేయటం గురించి ఆలోచిస్తారు. గర్భసంచిలో తేడా ఉందన్న ఒక్క కారణంతో అందరికీ కుట్టు వేయాల్సిన అవసరం లేదు.

ఏడో నెల నుంచి బిడ్డ ఎదుగుదలను స్కాన్లతో గమనిస్తారు. తొమ్మిదో నెలలో బిడ్డ తల ఎటు ఉందో చూసి, మామూలు కాన్పా, సిజేరియనా అన్నది నిర్ణయిస్తారు. బిడ్డ తల కిందికి ఉండి, మిగతా ఇబ్బందులేవీ లేకపోతే వీరిలోనూ మామూలు కాన్పు సాధ్యమే.

ఇక ‘మంచం దిగకూడదు’ అన్న మాట. పూర్తిగా మంచానికే పరిమితమైతే ముందస్తు కాన్పు ఆగుతుందని రుజువు కాలేదు సరికదా.. కాళ్లలో రక్తం గడ్డలు కట్టే ముప్పు పెరుగుతుంది. వైద్యులు ప్రత్యేకంగా వద్దంటే తప్ప ఇంట్లో తిరగటం, తేలికపాటి పనులు చేసుకోవటం మంచిదే.

పుట్టింటికి వెళ్లేముందే..

మన ఇళ్లలో తొలి కాన్పుకు పుట్టింటికి తీసుకెళ్లటం ఆనవాయితీ. చాలామంది ఏడో నెలలోనో, సీమంతం అయ్యాకో బయల్దేరతారు. కానీ గర్భసంచిలో తేడా ఉన్నవారికి ముందుగా నొప్పులు వచ్చేది సరిగ్గా ఆ రోజుల్లోనే కావొచ్చు. అందుకే ఎక్కడ కాన్పు అన్నది ఆరో నెలలోపే తేల్చుకోండి. నెలలు నిండని బిడ్డను చూసుకోవటానికి ఎన్‌ఐసీయూ, పిల్లల వైద్యులు అందుబాటులో ఉన్న ఆసుపత్రి దగ్గరలో ఉండాలి. పుట్టిల్లు అలాంటి ఊరికి చాలా దూరమైతే ఈసారికి అమ్మే కూతురి దగ్గరకు రావటం మేలు. ఆసుపత్రి మారితే స్కాన్ రిపోర్టులన్నీ, అసలు చిత్రాలతో సహా, వెంట ఉండాలి.

ముందస్తు కాన్పు తప్పదనిపిస్తే తల్లికి స్టెరాయిడ్ ఇంజెక్షన్లు ఇస్తారు. ఇవి బిడ్డ ఊపిరితిత్తులు త్వరగా పక్వానికి వచ్చేలా చేస్తాయి. వీటికి సమయం కావాలి. కాబట్టి నొప్పులు ముదిరేదాకా ఆగొద్దు. రక్తస్రావం, ఉమ్మనీరు పోవటం, పొట్ట పదేపదే గట్టిపడటం, తగ్గని నడుంనొప్పి, బిడ్డ కదలికలు తగ్గటం.. వీటిలో ఏది కనబడినా వెంటనే ఆసుపత్రికి వెళ్లాలి. హఠాత్తుగా తీవ్రమైన కడుపునొప్పి వచ్చి కళ్లు తిరిగి పడిపోతే అది అత్యవసర పరిస్థితి.

అమ్మాయిల్లో ఈ నొప్పి వేరు

నెలసరి నొప్పి చాలామందికి ఉండేదే. కానీ రజస్వల అయిన కొద్ది నెలల నుంచే నెలనెలా నొప్పి పెరుగుతూ పోవటం, ఒకవైపే ఎక్కువగా ఉండటం, మందులకు లొంగకపోవటం మాత్రం మామూలు కాదు. సగం ఎదిగిన కొమ్ములో గానీ, తెరతో మూసుకుపోయిన ఒకవైపు యోనిలో గానీ రక్తం బయటికి రాలేక నిలిచిపోతుండొచ్చు. మరోవైపు నెలసరి మామూలుగానే వస్తుంటుంది కాబట్టి ఎవరికీ అనుమానం రాదు. అమ్మాయికి ఒకే కిడ్నీ ఉందని ముందే తెలిసి ఉంటే ఈ అనుమానం మరింత బలపడాలి. సకాలంలో గుర్తిస్తే దీన్ని సరిచేయొచ్చు.

పదిహేనేళ్లు నిండినా రజస్వల కాకపోతే కూడా వైద్యులకు చూపించాలి. సుమారు 4-5 వేల మంది అమ్మాయిల్లో ఒకరికి గర్భాశయం అసలు ఏర్పడదు. వీరి అండాశయాలు మాత్రం మామూలుగానే పనిచేస్తాయి.

తరచూ అడిగే సందేహాలు

‘గర్భసంచి వెనక్కి తిరిగి ఉంది’ అని రాశారు. ఇదీ లోపమేనా?
కాదు. రిపోర్టులో ‘రెట్రోవర్టెడ్’ అని రాసేది గర్భాశయం వాలు గురించి, ఆకారం గురించి కాదు. సుమారు ఐదుగురిలో ఒకరికి ఇలాగే ఉంటుంది. దీంతో గర్భం రావటానికి ఇబ్బంది ఉండదు.

తల్లికి ఉంటే కూతురికీ వస్తుందా?
చాలామందిలో ఇది వంశపారంపర్యంగా వచ్చేది కాదు. అమ్మ గర్భంతో ఉన్నప్పుడు గ్రహణం చూడటం వల్లనో, ఏదో తినటం వల్లనో వచ్చేదీ కాదు.

పుట్టుకతో కాకుండా తర్వాత ఆకారం మారుతుందా?
మారొచ్చు. ఫైబ్రాయిడ్ గడ్డలు లోపలి గదిని నొక్కేస్తాయి. మనదేశంలో గర్భాశయానికి సోకే క్షయ వల్ల కూడా లోపలి గది కుంచించుకుపోయి ‘టి’ ఆకారంలోకి మారటం చూస్తుంటాం. వీటికి చికిత్సలు వేరు.

రెండు గర్భాశయాలున్నాయి. కాపర్‌-టి వేయించుకోవచ్చా?
ఒకవైపు వేస్తే రెండోవైపు గర్భం రావొచ్చు. కాబట్టి వైద్యులతో మాట్లాడి వేరే పద్ధతి ఎంచుకోవటం మంచిది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ పరీక్షకు వెళ్లినప్పుడు కూడా రెండు ముఖద్వారాలున్నాయని తప్పక చెప్పండి. రెండింటి నుంచీ నమూనా తీసుకోవాలి.

రెండింటిలోనూ ఒకేసారి గర్భం వస్తుందా?
చాలా చాలా అరుదు. 2023 డిసెంబరులో అమెరికాలోని అలబామాలో ఒక మహిళ ఇలాగే రెండు గర్భాశయాల్లో ఇద్దరు ఆడబిడ్డల్ని మోసి, ఒకరిని ఒకరోజు, మరొకరిని మర్నాడు కన్నారు.

చివరగా ఇంట్లోవారికి ఒక మాట. గర్భసంచి ఆకారం ఆ అమ్మాయి చేతిలో లేదు. తను పుట్టకముందే, అమ్మ కడుపులో ఉండగానే అది రూపుదిద్దుకుంది. దాచిపెట్టిందనో, లోపముందనో నిందించటం వల్ల ఒరిగేదేమీ లేదు. కచ్చితమైన పరీక్ష, సరైన ఆసుపత్రి, గర్భం వచ్చాక వెంట ఉండే మనిషి.. ఆమెకు కావాల్సింది ఈ మూడే.